బీడీ కాలినంత సేపు

నా పేరు ముత్తమ్మ. భర్త పేరు మట్టయ్య. వయసు ముప్పై రెండో ముప్పై మూడో, మీకు ఏది బాగుంటే అది రాసుకోండి. వృత్తి నాట్లు, కలుపులు, కోతలు. ఉండేది మిర్యాలగూడ రైలు స్టేషను వెనక గుడిసెల్లో. నేరం ఒప్పుకోమని ఎవరైనా బలవంతం చేశారా అని మేజిస్ట్రేటు గారు అడిగారు. నన్ను బలవంతం చేసే మొగోడు ఈ ఊళ్ళో లేడని చెప్పాను. గుమాస్తా గారు నవ్వి ఊరుకున్నారు. నవ్వడం కాదు, రాయమంటున్నాను.

నామీద ఫిర్యాదు ఇచ్చినవాడు సత్తయ్య. మా ఆయన పనిచేసే రైసుమిల్లులో హమాలీల ముఠాకు మేస్త్రి. 1974లో హోళీ పండుగ మర్నాడు పొద్దున పది గంటలకు, మిల్లు గోదాములో, బస్తాలు లాగే కొక్కెంతో నేను అతని చెంప చీల్చానట. కొట్టిన మాట నిజం. కొక్కెం మాట అబద్ధం. చెప్పుతో కొట్టాను. కొక్కెమైతే జైలు, చెప్పైతే జరిమానాతో పోతుందని వకీలు చెప్పాడు. ఇక జరిగింది జరిగినట్టు చెబుతాను.

పోయిన ఎండాకాలంలో మా ఆయనకు కాలు నొప్పి మొదలైంది. బస్తా ఎత్తుకుని లారీ దాకా నడిచేసరికి కుడి పిక్క పట్టేసేది. కాసేపు నిలబడితే పోయేది. నడిస్తే మళ్ళీ వచ్చేది. పాదం ఎప్పుడూ చల్లగా ఉండేది. బొటనవేలి మీద చిన్న పుండు లేచి మానలేదు. కోదాడలో నరాల వైద్యుడు ఉన్నాడని ముఠా వాళ్ళు చెబితే బస్సెక్కి పోయాం. ఆ మహానుభావుడు కాలు ముట్టుకోలేదు. నాలుక చూశాడు, కళ్ళు చూశాడు, నా చేతి కడియం చూశాడు. "నరాల బలహీనతండీ, కాలికి బాగా వేడి పట్టాలి" అని ఎర్రనూనె సీసా ఇచ్చి, ఇటుక కాల్చి కాపడం పెట్టమన్నాడు. పెట్టాం. సగం స్పర్శ లేని పాదం, కాలింది కూడా తెలియలేదు. బొబ్బలెక్కాయి. మళ్ళీ పోయి చూపిస్తే, "చూశారా, మందు పని చేస్తోందండీ" అన్నాడు. అలాంటి వాడి వాకిట్లో జనం పొద్దున్నుంచి కూర్చుని ఉంటారు. మేమూ కూర్చున్నాం కాబట్టి వాళ్ళను ఏమీ అనను.

తర్వాత సూర్యాపేట దవాఖానకు తీసుకుపోయాను. అక్కడ డాక్టరు కమల గారు పాదం మీద వేళ్ళు పెట్టి చాలాసేపు నాడి వెతికింది. చీలమండ పక్కన కూడా వెతికింది. దొరకలేదు.

"రోజుకు ఎన్ని బీడీలు తాగుతావు?" అని అడిగింది.

"రెండు తాగుత డాక్టరమ్మా" అన్నాడు మా ఆయన.

"రెండు కట్టలు" అన్నాను నేను.

ఆమె నవ్వలేదు. "మీది సాగర్ నీళ్ళ ఊరు కదా, కాలువ సంగతి చెబితే తెలుస్తుంది. నీ కాల్లో పెద్ద కాలువ పూడిపోయింది. అది మళ్ళీ తెరుచుకోదు. దాని పక్కనుంచి పిల్ల కాలువలు పుట్టాలి. రోజూ నడువు. నొప్పి వస్తే ఆగు, తగ్గాక మళ్ళీ నడువు. అట్లా నడిస్తే పుడతాయి. బీడీ తాగితే పుట్టినవి కూడా మూసుకుపోతాయి. తక్కువ తాగడం కాదు, ఒక్కటి కూడా తాగొద్దు. తాగితే కాలు ఉండదు" అంది.

మిల్లుకు వడ్లు లేని రోజులు అవి. రోజూ మా ఆయనను కాలువ గట్టు మీద నడిపించాను. బీడీ లేక పిచ్చెక్కినవాడిలా తిట్టేవాడు. నన్ను తిట్టాడు, మా అమ్మను తిట్టాడు, డాక్టరమ్మను తిట్టాడు. తిట్టుకుంటూనే నడిచాడు. మొదట్లో రైలు గేటు దగ్గరే కూలబడేవాడు. కార్తీకం వచ్చేసరికి గేటు దాటి కాలువ వంతెన దాకా ఆగకుండా పోయాడు. పుండు ఎండింది. ఒకరోజు ముల్లు తీద్దామని పాదం పట్టుకుంటే చేతికి వెచ్చగా తగిలింది. డాక్టరమ్మ కూడా చూసి, కొత్త రక్తనాళాలు పుట్టుకొస్తున్నాయి, చెడగొట్టుకోకు అంది. ఆ రోజు దవాఖాన మెట్ల మీద కూర్చుని ఏడ్చాను. ఇన్ని సంగతుల్లో నేను సిగ్గుపడే పని అదొక్కటే.

వానాకాలం వడ్లు వచ్చాయి. మా ఆయన మిల్లుకు పోయాడు. ఆ ముఠాలో ఒక పద్ధతి ఉంది. మేస్త్రి బీడీ ముట్టించగానే అందరూ బస్తాలు దించి ముట్టిస్తారు. బీడీ కాలినంత సేపు కూర్చోవచ్చు. ఆరితే లేవాలి. బీడీ లేనివాడు కూర్చోకూడదు, ఊక ఎత్తాలి. ఈ చట్టం పెట్టింది సత్తయ్య. జన్మలో బస్తా ఎత్తి ఎరగడు. గద్దించడమే అతని పని, అది కూడా మిల్లు సొంతదారు సావుకారి లోపల ఉన్నాడో లేదో చూసుకుని గద్దిస్తాడు. పన్నెండు మంది మొగోళ్ళు ఉన్నారు అందులో, క్వింటాలు బస్తా వీపు మీద వేసుకుని పరిగెత్తగలరు. ఇదేం పద్ధతని అడగడానికి మాత్రం ఒక్కడికి నోరు లేదు.

మా ఆయన నొప్పి వచ్చి కూర్చుంటే మేస్త్రి వచ్చాడట. "బీడీ తాగనోనికి కూసునే పనేంది? లే, ఊక ఎత్తు" అన్నాడట. మా ఆయన తెలివిగలవాడు కదా, మర్నాడు ముట్టించని బీడీ నోట్లో పెట్టుకుని కూర్చున్నాడు. "పొగ ఏదిరా?" అన్నాడట మేస్త్రి. ఆ మర్నాడు ముట్టించి వేళ్ళ మధ్య పట్టుకున్నాడు. బీడీని పట్టుకుని కూర్చుంటే కుదరదు, పీల్చకపోతే ఆరిపోతుంది. ఆరితే లేవాలి. అందుకని పీల్చాడు. డాక్టరు ఆగమంది కదా అని ఆగడానికి, డాక్టరు వద్దన్న బీడీ తాగాడు.

నాకు వాసన వచ్చి అడిగాను.

"తాగుతలేనే. ఆరిపోకుంట సూస్తున్న గంతే" అన్నాడు.

కట్టుకున్నవాడు అంత మాట అంటే ఏం చేయాలో నాకు తెలియలేదు. సావుకారి దగ్గరికి పోయి చెప్పుకున్నాను. ఆయన లక్ష్మీదేవి పటానికి అగరువత్తులు వెలిగిస్తూ, "ముఠా సంగతి నాకెందుకమ్మా, మేస్త్రిని అడుగు" అన్నాడు. పుష్యం దాటేసరికి ఆ కాలి వేళ్ళు రెండు నల్లబడ్డాయి. హైదరాబాదు పెద్ద దవాఖానలో వాటిని తీసేశారు. మళ్ళీ బీడీ ముడితే ఈసారి మోకాలి దాకా పోతుంది, ఆ తర్వాత రెండో కాలు కూడా పోతుందని చెప్పి పంపారు. గుడ్డ చుట్టిన కాలితోనే మళ్ళీ అదే మిల్లుకు పోయాడు, నిలబడి సంచుల మూతులు కుట్టే పనికి. కూర్చోవాలంటే మళ్ళీ అదే పద్ధతి.

హోళీ మర్నాడు నేను మిల్లుకు పోయాను. మా ఆయన కుడికాలి చెప్పు చేతిలో పట్టుకుపోయాను. వేళ్ళు లేని కాలికి అది నిలవడం లేదు. మేస్త్రికి చూపిస్తే అర్థమవుతుందని అనుకున్నాను. అంత పిచ్చిదాన్ని. ముఠా అంతా కూర్చుని పొగ పీలుస్తున్నారు. నేను మర్యాదగానే అడిగాను.

"సత్తయ్యన్నా, బీడీ తాగనోళ్ళను గూడ జర కూసోనియ్యి. ఈన కాలు పోతది."

"ఆడోళ్ళు సెప్తే ముఠా నడుస్తదా?" అని అతను నవ్వాడు. నోట్లోని బీడీ తీసి మా ఆయన నోటి దగ్గర పెట్టాడు. "గుంజు మట్టన్నా. నీ పెండ్లాం గూడ సూడనీ" అన్నాడు.

అందరూ నవ్వారు. మా ఆయన నోరు తెరిచాడు. నేను కొట్టాను.

అది టైరు చెప్పు. మడమ దగ్గర మేకు పైకి లేచి ఉంది. అందుకే చెంప గీసుకుపోయి నెత్తురు వచ్చింది. ఆడదాని చేతిలో చెప్పుదెబ్బ తిన్నానని చెప్పుకుంటే సత్తయ్య మేస్త్రితనం ఆ పూటతో ఖతం. అందుకని చెప్పును కొక్కెం చేశాడు. ముఠా అంతా కళ్ళతో చెప్పును చూసి, నోటితో కొక్కెమని చెప్పింది. వాళ్ళ సంగతి నాకు తెలుసు కాబట్టి ఆశ్చర్యపోలేదు.

ఇక్కడిదాకా చెప్పాక, నా భర్త కూడా పోలీసులకు కొక్కెమనే చెప్పాడని మేజిస్ట్రేటు గారు అన్నారు. నేను నమ్మలేదు. కాగితం చదివి వినిపించారు. పేరు మట్టయ్య. వృత్తి మిల్లులో కాంటా దగ్గర కూర్చుని తూకం చూసే పని. నా భార్య కొక్కెంతో కొట్టగా నేను కళ్ళారా చూశాను.

ఆ వృత్తి ముక్క మళ్ళీ చదవమన్నాను. మళ్ళీ చదివారు.

నన్ను పోలీసు స్టేషనుకు పట్టుకుపోయిన రోజు ఆయన పని నిలబడి సంచులు కుట్టడం. కాంటా ఉండేది సావుకారి గదిలో. అక్కడ పొద్దంతా కుర్చీలో కూర్చోవచ్చు. లక్ష్మీదేవి పటం ఉన్న గది కాబట్టి బీడీ వాసన రానివ్వరు. ఆ కుర్చీ ఏ మాటకు దొరికిందో నాకు ఎవరూ చెప్పనక్కర్లేదు. నన్ను అమ్ముకుని కాలు నిలబెట్టుకున్నాడు. ఛీ. నాతో ఒక్క మాట అని ఉంటే నేనే కొక్కెమని చెప్పేదాన్ని. ఆ ధైర్యం కూడా లేదు.

చెప్పు అని తేలితే ఆయన మాట అబద్ధమవుతుంది. ఆ కుర్చీ సాయంత్రానికి ఉండదు. అందుకని పైన చెప్పు అని రాసిన ప్రతి చోటా కొట్టేసి కొక్కెం అని రాసుకోండి. కొట్టివేతలు కుదరవని మేజిస్ట్రేటు గారు అన్నారు. అయితే కింద రాయండి. ముత్తమ్మ కొక్కెంతోనే కొట్టింది. జైలు ఎన్నాళ్ళయినా సరే. కాలు చల్లబడితే చూసుకోవడానికి నేను ఉండను, అది మాత్రం ఆయనకు తెలియజేయండి. రోజూ నడవమన్నానని కూడా చెప్పండి.

ఇదంతా నాకు చదివి వినిపించారు. కొక్కెం అన్న ఒక్క మాట తప్ప అన్నీ జరిగినవే. ఆ ఒక్క మాట కూడా ఎవరూ అనిపించకుండా నా నోటితో నేను అన్నదే.

ముత్తమ్మ, ఎడమ బొటనవేలి ముద్ర.