పిన్నికి స్నానపు ఉప్పు

వంటింట్లో కూతురు గిన్నెడు కల్లుప్పులో ఎండిన గులాబీ రేకులు కలుపుతోంది. తల్లి గుమ్మంలోనే ఆగిపోయింది.

"ఎవరికే ఇదంతా?"

"పిన్నికి. ఒళ్లునొప్పులంటోంది. వేణ్ణీళ్లలో వేసుకుని స్నానం చేస్తే హాయిగా ఉంటుందని."

"పిన్నా! నాకు చెల్లెలెప్పుడు పుట్టింది?"

"నాన్న పెళ్లి చేసుకున్న మనిషిని ఇంకేమని పిలవను?"

"నా కాపురం కూల్చినదాని ఒళ్లు హాయిగా ఉండాలని నా వంటింట్లోనే ఉప్పు కలుపుతున్నావు. సిగ్గు లేదూ?"

"పుట్టినరోజు కానుకమ్మా. గొడవ చెయ్యకు. ఆ నీలగిరి తైలం ఇటివ్వు."

"ఇవ్వను."

"అమ్మా!"

"అది తగిలితే దానికి ఒళ్లంతా దద్దుర్లు లేస్తాయి."

"నీకెలా తెలుసు?"

"హాస్టల్లో మా ఇద్దరిదీ ఒకే గది. రాత్రంతా పక్కన కూర్చుని మందు రాసింది నేనే. ఎండు పుదీనా వేసి తగలెయ్యి. నేను చెప్పానని దానికి తెలిసిందో, మళ్లీ ఈ గడప తొక్కకు."