ఒక ముడి మాత్రమే విప్పిన గడ

ఒరే జోలామె, ఆ బట్టల తాడుకి ఆసరా పెట్టిన గడకి ఆనుకోవద్దని ఎన్నిసార్లు చెప్పాలిరా నీకు? వీకా, పెద్దదానివి నువ్వు చెప్పు, ఆ గడ వయసెంతుంటుంది? పదేళ్ళా? ఊహూ. మీ అమ్మకంటే పెద్దది. సరే, కూర్చోండి ఇద్దరూ. సాయంత్రం పెద్దింట్లో సభ ఉంది. అక్కడ నన్నో ప్రశ్న అడుగుతారు. జవాబు నాకు తెలీదు. ముప్ఫై ఆరేళ్ళు ఊళ్ళో పిల్లలందరినీ నిలబెట్టి ప్రశ్నలు అడిగినదాన్ని, ఇప్పుడు నన్ను నిలబెడతారు. ముందు మీకు చెప్పి చూస్తాను. బళ్ళో చాలాసార్లు అంతే, నాకు అర్థంకాని పాఠం పిల్లలకి చెబుతుంటే నాకే తేలేది.

రేవుకి ఎదురుగా ఉన్న పగడపు దిబ్బని వేట లేకుండా కొన్నేళ్ళు మూసేద్దామని కుర్రవాళ్ళు అంటున్నారు కదా, దాని గురించే. మూయడం కొత్తేం కాదు. ఇనోసి మామ అని మా అమ్మకి అన్న, చేపలవాళ్ళ వంశానికి పెద్ద, ఆయనే మూశాడు వెనక. అప్పటికి పెద్ద ఆల్చిప్పలు అరచేతికి మించి పెరగడం మానేశాయి. "మూడేళ్ళు తంబు, ఎవరూ ముట్టకూడదు. గడ పాతాక లోపల చెయ్యి పెట్టినవాడి చెయ్యి వాచిపోతుంది" అన్నాడు. గడ పాతి, కొబ్బరి మట్టలు చుట్టి, పీచుతాడుతో పైన ఒక ముడి, కింద ఒక ముడి వేశాడు. తెరవాలంటే పాతినవాడే రావాలి, రెండు ముళ్ళూ తన చేత్తో విప్పాలి, గడ పీకాలి. అంతే, దానికి కాగితాలూ సంతకాలూ ఏమీ ఉండేవి కావు. మామ మంచి ఎగతాళి మనిషి. మీ తాతగారు కొండ ఊరివాడు, ఈత రాదు. భోజనానికి కూర్చుంటే చాలు, "ఏమోయ్ కొండమనిషీ, చేపకి తోక ఎటువైపుంటుందో తెలుసా?" అనేవాడు. మీ తాత తలెత్తకుండానే, "మీరు నాకు మిగిల్చేది అదొక్కటే కదా మామా, బాగా తెలుసు" అనేవాడు. నవ్వు ఆపుకోలేక మామకి పొలమారేది. ఆ మాటలు ఇప్పుడెందుకు చెబుతున్నాను? ఆఁ, గడ.

రెండో ఏడు మామకి కడుపునొప్పి పట్టుకుంది. సరుకుల ఓడలో సూవా పట్నం ఆసుపత్రికి తీసుకెళ్ళాలన్నారు. ఓడ మధ్యాహ్నం బయల్దేరింది. మంగళవారం. బుధవారమా? మంగళవారమే, ఆ రోజు బళ్ళో ఎక్కాలు. ఆ పొద్దున మామ ఎప్పట్లాగే పడవేసుకుని దిబ్బ వైపు వెళ్ళొచ్చాడు. రోజూ వెళ్ళే మనిషి కాబట్టి ఎవరూ పట్టించుకోలేదు. రేవులో నా చెయ్యి పట్టుకుని "పాపకి పళ్ళొచ్చాయా?" అని అడిగాడు. పాప అంటే మీ అమ్మే, అప్పుడు ఎనిమిది నెలలది. రెండొచ్చాయన్నాను. "అయితే ఇక కరుస్తుంది, జాగ్రత్త" అని నవ్వాడు. దిబ్బ మాటే ఎత్తలేదు. ఆ చేతుల్ని నేను సరిగ్గా చూడలేదర్రా. గోళ్ళలో పీచు ఉందేమో చూడాల్సింది. చెయ్యి తడిగా ఉంది, అది గుర్తుంది. రేవులో ఎవరి చెయ్యి పొడిగా ఉంటుంది?

ఆ సాయంత్రమే గాలి లేచింది. రెండు రోజులు సముద్రం ఊళ్ళోకి వచ్చేలా ఎగిసింది. తగ్గాక చూస్తే గడ లేదు. ఇంకేముంది, ఊరు రెండుగా చీలింది. మా పిన్ని తరైవీనీ, ఆవిడ మామకి చెల్లెలు, గుమ్మంలో నడుం మీద చేతులు పెట్టుకుని, "మా అన్నే పీకాడు! తను తిరిగి రాకపోతే తెరిచేవాడు ఉండడని ఆయనకి తెలీదా? మిమ్మల్ని పస్తులు పెట్టి పోతాడా?" అనేది. మా ఊరిపెద్ద నెమ్మదిగా, "మూడేళ్ళంటే మూడేళ్ళు అన్న మనిషి రెండో ఏడు ఎందుకు పీకుతాడమ్మా? అలే పీకింది" అనేవాడు. ఇద్దరి మాటా సబబుగానే ఉండేది. పొద్దున పిన్ని పక్షం, సాయంత్రం పెద్దాయన పక్షం, నా పని ఇదీ. చివరికి, ఇనోసి తిరిగొచ్చాక ఆయన్నే అడుగుదాం, అందాకా మూసే ఉంచుదాం అనుకున్నారు.

గాలి తగ్గిన మూడో రోజు నేను పీతల కోసం మడ చెట్లలోకి వెళ్ళాను. అక్కడ దొరికింది గడ. మట్టలు అలలకి పీలికలైపోయాయి. కింది ముడి గట్టిగా ఉంది. పైముడి లేదు. తెగలేదు, విడిపోయి తాడు వేలాడుతోంది, కొసలు శుభ్రంగా ఉన్నాయి. ఇప్పుడు చెప్పండి. ఒక ముడి విప్పి, రెండోదానికి వంగలేక కడుపు పట్టుకుని వెనక్కి తిరిగాడా? లేక విప్పబోయి మనసు మార్చుకున్నాడా? ఏమో, అసలు ముట్టుకోనేలేదేమో, అలలే విప్పాయేమో. ఏమిటి వీకా? కట్టి చూడాల్సిందా? అవును, నాకూ ఆ ఆలోచన వచ్చింది. అలాంటి గడకి అలాంటి ముళ్ళే వేసి, గాలి రోజు చూసి, రెండు రోజులు నీళ్ళలో వదిలాను. మూడుసార్లు చేశాను. రెండుసార్లు ముళ్ళు రెండూ ఉన్నాయి. ఒకసారి ఒకటి ఊడింది. మూడింట ఒక వంతు! పలక మీద వేసుకోవడానికి బాగుంటుంది, మనిషి మనసుకి మూడింట ఒక వంతేమిటి?

గడ తెచ్చి ఇంటి కింద దాచాను. ఎవరికీ చెప్పలేదు. జవాబు తేలేదాకా మార్కులు వెయ్యకూడదు కదా, మామ వస్తే అడుగుదామనుకున్నాను. మామ రాలేదు. నెల తిరక్కుండా పెద్ద తుఫాను వచ్చింది. కర్రపెండలం చేలు ఉప్పునీళ్ళలో కుళ్ళిపోయాయి, సీమపనస చెట్లన్నీ పడిపోయాయి. ఓడ లేదు. మామ పోయాడని రేడియోలో కబురు కూడా ఆ వారమే. మీ అమ్మకి విరేచనాలు, కళ్ళు లోపలికి పోయాయి. నాకు పాలు ఆగిపోయాయి. మీ తాత అన్నాడు, "నువ్వు ఆయన మేనకోడలివి. మేనమామ సొత్తు అడక్కుండా తీసుకునే హక్కు నీకుంది. వెళ్ళు." నిజమే, మన ఆచారం అది. మామ పందిని అడక్కుండా తోలుకురావచ్చు, పడవ తీసుకోవచ్చు. కానీ సముద్రం మామ సొత్తా? ఆయన కాపలాదారే కదా? అదీ తెలీదు. తెలీకుండానే నడుంలోతు నీళ్ళలోకి దిగాను. ఒక్కటే, ఒక్క ఆల్చిప్ప. రెండు చేతులా పట్టేంత పెరిగిందది. గంజిలా కాచి నేను తాగాను, పాలు పడ్డాయి. మీ అమ్మ బతికింది, మీరిద్దరూ నా ఎదురుగా కూర్చుని గోళ్ళు కొరుక్కుంటున్నారు. తియ్యి చెయ్యి నోట్లోంచి.

దాంతో అయిపోతే బాగుండేది. ఊరు చూసింది. "టీచరమ్మే తీసుకుంది! మేనమామ వెళ్ళేముందు ఆవిడకి చెప్పే ఉంటాడు, దిబ్బ తెరిచేశాడన్నమాట!" బుట్టలు పట్టుకుని దిగారు. పిన్ని అందరికంటే ముందు. ఊరిపెద్ద మా ఇంటికొచ్చి, "అమ్మా, తెరిచే ఉందా?" అని అడిగాడు. అవును అనలేదు, కాదు అనలేదు. ఒళ్ళో పాప పాలు తాగుతోంది. దాన్నే చూస్తూ కూర్చున్నాను. నేను మాట్లాడకపోవడం ఆయనకి అవును అనిపించింది. పది రోజుల్లో దిబ్బ ఖాళీ. పిల్ల ఆల్చిప్పల్ని కూడా వదల్లేదు. తప్పనడానికి నోరు రాదర్రా, అందరిళ్ళల్లోనూ ఆకలే, అందరి ఒళ్ళోనూ పిల్లలే. కానీ మామ రెండేళ్ళు కాపాడింది ఈ రోజుకీ తిరిగి రాలేదు. మీరు తెచ్చే ఆల్చిప్పలు చూస్తున్నానుగా, గుండీలంత.

ఇప్పుడు సాయంత్రం అడిగేది అదే ప్రశ్న. అప్పుడు తెరిచి ఉందంటే రేపే కొత్త గడ పాతేస్తారు. మూసి ఉండగా దోచారంటే ముందు మామ మనవళ్ళ ఎదుట క్షమాపణకి ఇచ్చే తిమింగలం పన్ను పట్టుకుని, తల వంచి తప్పు ఒప్పుకోవాలి. లేకపోతే కొత్త తంబు నిలవదు. ఒప్పుకోవాల్సింది మొదట చెయ్యి పెట్టిన మనిషి. తెరిచే ఉందనేస్తే సరిపోతుందా? ఎందుకు సరిపోదు, ఒక్క మాట. తరైవీనీ పిన్ని ఉంటే గొంతు చించుకుని అనేది. కానీ కింది ముడి ఉందే... ఒక ముడి విప్పిన దిబ్బ సగం తెరిచినట్టా? సగం మూసినట్టా? తలుపు గురించైతే చెప్పగలను.

ఏయ్ జోలామె, ముట్టుకోకు! అదే ముడి, ఆ కిందది. దిబ్బ ఖాళీ అయ్యాక ఇంటి కిందనుంచి తీసి ఈ తాడుకి ఆసరా పెట్టాను, నలభై ఏళ్ళుగా బట్టల నీడన ఉంది, చేత్తో తాకితే రాలిపోతుంది. వీకా, ఆ దుప్పటి కొస పట్టుకో. తడిగా ఉందా? ఉండనీ, చాప మీద పరిచేద్దాం. లే, లే, బట్టలన్నీ తీసెయ్యాలి నేను. ఈ గడ సాయంత్రం నాతో సభకి రావాలి.