ఆండాళుకు ఊఁ కొట్టెటోళ్ళు

ఎవరు, ఆండాళా? మా చెల్లెనే, చైత్రా, మీ నాయినకు మేనత్త. టీవీల కథలు చెప్పిందంటె ఇప్పటి పోరలు నమ్మరు. నలభై ఆరేండ్ల కిందటి మాట. హైద్రాబాద్ టీవీల పాటలు, ఆటలు, నవ్వులాటలు అన్ని కలిపి ఒక గంట చూపిస్తుండ్రి. అంత లైవే, తప్పు పోతె పోయినట్టే, మల్ల దిద్దుడు లేదు. దాంట్లకు కథ చెప్పనీకె పన్నెండేండ్ల ఆండాళును పిలిచిండ్రు. గిల్లేసూగూరు ఊరి మారెవ్వ లేదూ, మా ఇంట్ల మిరపకాయల తొడిమెలు తియ్యనీకె వొచ్చేది, ఆమె నేర్పింది దానికి కథలు. మారెవ్వది ఒకటే పట్టు: ఎదుటోళ్ళు ఊఁ కొట్టకుంటె కథ ముందుకు నడవగూడదు, దోషం.

ఇగ సూడు, కెమెరా మీద ఎర్రలైటు ఎలిగింది. "ఒక ఊర్ల ఒక ముసలమ్మ ఉండెనంట" అన్నది, ఆగింది. ఊఁ ఎవడంటడు? ఆడ అందరు నోరు మూసుకొని ఉండాల్నాయె. ఇది కండ్లు పెద్దగ జేసుకొని సూస్తనే ఉన్నది. జరసేపాగి పాటోళ్ళను పెట్టి కానిచ్చిండ్రు. ఈడ మా బజారంత వెదురు బాంసుకు కట్టిన యాంటెన్నా కింద కూసొని సూసె. తెల్లారి మా బజారు బసన్న మా నాయిన దుకాణానికొచ్చి, "ఏన్రీ సావుకార్రె, మగళు మాతు మర్తుబిట్లా?" అని కన్నడంల ఒకటే నవ్వు, ఏం సావుకారూ, మీ బిడ్డ మాట మర్చిపోయిందా అని. మా నాయినకు ఇజ్జత్ పోయినట్టాయె. "ఇగ టీవీ బంద్!" అన్నడు. అది ఏడ్వలే. "నేను మర్చిపోలే నాయినా, వాళ్ళు ఊఁ కొట్టలే. మల్ల పోత, చెప్పే వస్త" అన్నది. నెల దినాలు అదే మాట, అన్నం కాడ, దుకాణం కాడ. మొండిఘటం! "ఊఁ కొట్టనీకె మా అన్నను పక్కన కూసోబెడితె చెప్త" అని, అన్నంటె నేనే, టీవీ వాళ్ళకు తనే కార్డు రాసింది. రమ్మన్నరు. "ఇదే ఆఖరుపారి. ఈసారి తప్పితె మల్ల కథ పేరెత్తగూడదు" అని నాయిన మమ్మల్నిద్దర్ని తోల్కపోయిండు.

కూసున్న. లైటెలిగింది. "ఒక ముసలమ్మ ఉండెనంట" అని నా దిక్కు సూసింది. నా నోట్లెకెల్లి ఊఁ రాలే. మల్ల అన్నది. రాలే. అగో, అప్పుడు కెమెరా ఎనకకెల్లి "ఊఁ" అని వినబడె. ఎవరనుకున్నవ్? మా నాయిన! సుమ్నె, నోరు మూసుకొని ఉండుమని వాళ్ళు సైగ జేస్తున్నా ఇనలే, కథ అయ్యేదాంక ఊఁ కొట్టిండు. అటెన్క ఐదుపార్లు పిలిచిండ్రు, ఐదుపార్లు నాయిననే పోయిండు. ఇరవై నిండకముందే కామెర్లతోని పాయె ఆండాళు.

ఆడ లైట్ల ఏడికి నోరెండిపోయి ఊఁ రాలేదని అందరికి చెప్పిన నేను. అబద్ధం బిడ్డా. బసన్న నవ్వుతడని సిగ్గైంది. దానికి తెలుసు. మల్ల ఎన్నడు నన్ను రమ్మని అడగలే. ఏయ్, ఆ దుకాణం షట్టర్ దించు జర, దుమ్ము కొడుతున్నది.