జరీ రుమాలు

మళ్లా ఆ రుమాలెందుకు తీస్తాండావు నాయనా? పెట్టెలో పెట్టు. నేనొచ్చింది పెళ్లికి కాదు, పిక్చర్ తీసేదానికి.

పోయిన తూరి ఏమాయె? పెనుకొండ గంజి కేంద్రం కాడ తీసి, మన కరువు అందరికీ చూపిద్దామని వస్తి. మీరేమో ఊరు ఊరంతా ఉతికిన పంచెలు, తలకు ధర్మవరం జరీ రుమాళ్లు. నీలావతమ్మ గంజి చెంబు కొంగు చాటున దాచిపెట్టె. కదిరప్ప కొడుకు బొమ్మ తీస్తాడంట, చినిగిన గుడ్డలతో ఎట్ల నిలబడేది అంటిరి.

మద్రాసులో మా ఆఫీసు పెద్దాయన చూసి నవ్వినాడు. ‘ఇందులో కరువెక్కడుందయ్యా, అందరూ కళకళలాడుతున్నారు కదా’ అన్నాడు. కరువు పిక్చర్ కాస్తా సుభిక్షం పిక్చర్ ఆయె.

కెమెరా నేనే, కత్తిరించి అతికేది నేనే, మాటలు రాసేది నేనే. గొంతు కూడా నాదే. హిందూపురం టెంటు సినిమాలో నువ్వు ఇన్నావు కదా, ‘ఈ రైతు ముఖంలో సంతోషం చూడండి’ అని. నీ ముఖం చూపించి నాతోనే చెప్పించిరి. నేను కాదంటే ఇంకొకడు చెప్తాడు. ఏం చేసేది?

ఆ పొద్దు నుంచి నాతో మాట్లాడవు. తిట్టినా బాగుండు.

ఇప్పుడు గంజి కేంద్రం ఎత్తేస్తారంట. పిక్చర్‌లో అందరూ బాగుండారంట. కాళ్లావేళ్లా పడి ఇంకొక రీలు తెచ్చుకున్నా. ఆ చినిగిన పంచెతోనే, చెంబు పట్టుకొని ఒక్క తూరి నిలబడు. ఊళ్లో అందరూ నిన్ను చూసే నిలబడతారు. నువ్వు రుమాలు కట్టకుంటే వాళ్లూ కట్టరు.

సిగ్గా? ఎవరి ముందర? నేను నీ కొడుకునే కదా.

అవునులే. కొడుకు ముందరే కదా సిగ్గు.

ఇన్ని పనులు నేర్చుకున్నా గానీ, నీ ఆకలి చూపించు నాయనా అని అడిగేది ఎవరూ నేర్పలేదు. నోరు రాలేదు నాకు. ఇప్పుడు కూడా పంచె పంచె అంటాండా గానీ, ఆ మాట అడగలేకుండా ఉండా.

ఏమి, రుమాలు చుట్టు నిలబడలేదా? రెండు తూర్లు కొస జారిపాయె నీకు. పొద్దున నుంచి ఏమన్నా తాగితివా?

ఇట్లియ్యి, కొస నేను పట్టుకుంటా. తల కొంచెం వంచు. ఇంకా బిగించాల్నా? ఇగో, బిగించినా.

నిలబడు నాయనా. బాగుండావు.