మెదడుకి వైరింగ్ చేసిన కరెంటు బాబాయ్

కరెంటు బాబాయ్ చెప్పేదాంట్లో సగం తీసేసి, మిగిలిన సగాన్ని పిన్నిని అడిగి నమ్మాలి. ఆ వీధిలో ముప్పై ఏళ్లుగా నడుస్తున్న పద్ధతి అది. ఆయన పెద్దాసుపత్రిలో వైర్‌మన్‌గా చేసి రిటైరయ్యాడు. టీ కొట్టు దగ్గర ఆయన కోతలు కోయడం, పక్కనుంచి పిన్ని "అంత లేదు" అని కత్తిరించడం, సాయంత్రాలన్నీ ఇలాగే గడిచేవి. ఆయన ఇరవై అడుగుల పాముని చంపితే ఆవిడ దాన్ని తాడుముక్క చేసేది. ఆయన కరెంటు స్తంభం మీంచి దూకితే ఆవిడ స్టూలు మీంచి దింపేది. ఆయనకి కోపమొచ్చేది, వీధికి నవ్వొచ్చేది.

నాలుగు నెలల కిందట పిన్నికి పక్షవాతం వచ్చింది. కుడి చెయ్యి పడిపోయింది, మాట పోయింది. కాలు మాత్రం కాస్త తిరిగొచ్చింది. ఇప్పుడు ఏం అడిగినా "ఊఁ" అంటుంది. కావాలన్నా ఊఁ, వద్దన్నా ఊఁ. ఆసుపత్రిలో మాటలు నేర్పే డాక్టరమ్మ బాబాయ్‌ని కూర్చోబెట్టి విడమరిచి చెప్పింది. "ఆవిడకి అన్నీ అర్థమవుతాయండీ. మాటని కూర్చి బయటికి పంపే చోటే దెబ్బతింది. దాని చుట్టుపక్కల భాగం మెల్లగా ఆ పని నేర్చుకోవచ్చు, నేర్చుకోకపోనూవచ్చు. పలకమని వెంటపడకండి. మాట్లాడి తీరాలని ఆవిడకే అనిపించాలి."

ఆయన ఇంటికొచ్చి బాగా ఆలోచించాడు. ఇన్నేళ్ల కాపురంలో ఆవిడకి మాట్లాడి తీరాలని ఎప్పుడనిపించింది? తను అబద్ధం చెప్పిన ప్రతిసారీ అనిపించింది. ఇక మర్నాటి నుంచి రోజూ ఐదింటికి ఆవిడ చెయ్యి పట్టుకుని కొట్టుకి తీసుకురావడం, చేతుల కుర్చీలో కూర్చోబెట్టడం, కోతలు మొదలెట్టడం. పులి అయిపోయింది, వరద అయిపోయింది, లిఫ్టులో ఇరుక్కున్న మంత్రిగారూ అయిపోయారు. ఆవిడ వినేది, ఎడం చేత్తో టీ తాగేది, ఊఁ అనేది. ఆయన దగ్గర సరుకు నిండుకుంటోంది. పైకి చెప్పడు గానీ ఆయనకి లోపల గుబులుగానే ఉంది.

ఆ వేళ మెదడు మీద పడ్డాడు.

"ఆపరేషన్ గదిలో పెద్ద లైటు టపటపలాడుతోందని పిలిచార్రా," అని పక్క కొట్టు టైలరు వైపు తిరిగాడు. "స్టూలెక్కి బల్బు మార్చాను. అంతే నా పని. దిగబోతూ కిందకి చూస్తే బల్ల మీద ఒకాయన, తల తెరిచి ఉంది, మనిషి మాత్రం మెలకువగా కబుర్లు చెబుతున్నాడు. కంగారు పడకు, మెదడుకి నొప్పి తెలీదు. పైన చర్మానికి మత్తిస్తే చాలు."

టైలరు నమ్మలేక, కొట్టు నడిపే టీ అక్కని చూశాడు. "అది నిజమే," అంది టీ అక్క. "మా ఆడపడుచుకి అలాగే చేశారు."

"నిజంతో మొదలెట్టాడంటే ఇవాళ గట్టిదే వస్తుంది," అన్నాడు టైలరు, బల్ల మీద సర్దుకుని కూర్చుంటూ.

"పెద్ద డాక్టరు సన్నటి కడ్డీతో ఒక్కోచోట ముట్టించి అడుగుతున్నాడు. ఒకచోట ముడితే బొటనవేలు కదిలింది. ఒకచోట ముడితే కాల్చిన రొట్టె వాసనొస్తోందన్నాడు. వెనక్కి వెళ్లి ముడితే కళ్ల ముందు మెరుపులన్నాడు. పైనుంచి చూస్తున్నవాణ్ణి, నాకు తెలిసిపోయింది. ఇది మీటరు బోర్డు. ఒక్కో గదికి ఒక్కో ఫ్యూజు. చూపుకి వెనక గది, తూలకుండా నడవడానికి మెడ మీదున్న చిన్న గది, భయానికి లోపలెక్కడో బాదంగింజంత చోటు. నోటికొచ్చింది అనెయ్యకుండా ఆపే స్విచ్చి నుదుటి వెనక. మా ఆఫీసరుకి ఆ స్విచ్చి బిగించడం మర్చిపోయారు."

"నీకు మాత్రం బిగించారా అన్నయ్యా?" అంది టీ అక్క.

"విను. అసలు తప్పు ఎక్కడుందో తెలుసా? ఎడమ మెదడు కుడి చేతిని నడుపుతుంది, కుడి మెదడు ఎడమ చేతిని. తీగలన్నీ దారిలో అడ్డంగా దాటించేశారు. ఉండబట్టలేక అడిగేశాను, అయ్యా, ఈ ఇంటికి వైరింగ్ చేసిన మేస్త్రి ఎవరు, ఒకసారి నా ముందుకు రమ్మనండి అని. ఇటు దీపం ఆరితే అటు చెయ్యి పడిపోవడమేంటి?"

ఆ మాట అనుకున్నదానికంటే గట్టిగా వచ్చింది. పిన్ని కుడి చెయ్యి ఒళ్లో వెల్లకిలా పడి ఉంది. ఆయన దాన్ని చూసి, గబగబా టీ తాగేసి, కథని పరిగెత్తించాడు.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? డాక్టరు నా జేబులో టెస్టరు చూశాడు. 'మీ చేత్తో ఒక్కసారి' అన్నాడు. ముట్టించానా, బల్ల మీదాయనకి పదిహేడో ఎక్కం గడగడా వచ్చేసింది. రవ్వంత పక్కకి జరిపానా, చిన్నప్పుడు తప్పిపోయిన కుక్కపిల్ల పేరు గుర్తొచ్చి భోరుమన్నాడు. మర్నాటికి ఆసుపత్రి బయట క్యూ. మతిమరుపువాళ్లు ఇటు, కోపిష్ఠివాళ్లు అటు. ఒక అత్తాకోడళ్లు వస్తే ఇద్దరి జ్ఞాపకాలకీ ఒకటే లైను లాగాను. అత్త తను పెట్టిన బాధలన్నీ తనే పడ్డట్టు గుర్తొచ్చి కోడలి కాళ్ల మీద పడింది. ఒక మేష్టారి మెదడైతే సర్వీసింగ్‌కి ఇంటికే తెచ్చాను. కడిగి, డాబా మీద ఆరబెట్టి, తిరిగి బిగించాను. ఒక ముక్క మిగిలిపోయింది."

"అయ్యో, ఏ ముక్క?" అన్నాడు టైలరు.

"ఇప్పటికీ తెలీదు. మేష్టారు మాత్రం అప్పట్నుంచి హాయిగా ఉన్నారు. అదంతా ఒక ఎత్తు. ఒకరోజు ఊరంతా కరెంటు పోయింది. ఆసుపత్రిలో చుక్క నీళ్లు లేవు. పదకొండుమంది రోగుల్ని వరసగా కూర్చోబెట్టి, మెదడుకీ మెదడుకీ తీగ కలిపి, నీళ్ల మోటారు తిప్పాను."

"మీ ఆఫీసరుని కలిపావా?" అంది టీ అక్క.

"కలిపాను. దీపం కూడా వెలగలేదు."

అందరూ నవ్వారు. ఆయన నవ్వకుండా పిన్ని ముఖమే చూస్తున్నాడు. పెదవులు కదిలాయనిపించి ముందుకి వంగాడు. ఆవిడ ముక్కు మీద వాలిన ఈగని తోలుకుని, "ఊఁ" అంది.

"మరి మాట ఎక్కడుంటుంది బాబాయ్?" అనేసి టైలరు నాలుక కరుచుకున్నాడు. టీ అక్క గ్లాసులు కడగడం ఆపేసింది.

"ఎడమ పక్క," అన్నాడు బాబాయ్. "చెవి పైన, కాస్త ముందుకి." అక్కడ నా టెస్టరు పనిచెయ్యలేదురా అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. దాన్ని మింగేశాడు. నిజం చెబితే ఆవిడ ఏం దిద్దుతుంది? ఇక మిగిలింది ఒక్క కథే. అది వాళ్లిద్దరిదీ, ఇన్నేళ్లలో వీధిలో ఎవరికీ చెప్పలేదు. దాన్నీ పాడుచెయ్యాల్సి వచ్చినందుకు ఆయనకి బాధేసింది.

"మాట సంగతి తర్వాత. ఈ హస్తవాసి నాకెక్కడ మొదలైందో విను. మీ పిన్ని వాళ్లింట్లో. కుర్రాణ్ణి అప్పుడు, కొత్తగా పని నేర్చుకున్నాను. ఇంటికి వైరింగ్ చెయ్యమని వాళ్ల నాన్న పిలిచాడు. ఒక చేత్తో మంచినీళ్లు తాగుతూ, ఇంకో చేత్తో రెండు నిమిషాల్లో ఇల్లంతా పూర్తిచేశాను. స్విచ్చి వేశానా, వాళ్ల ఇల్లే కాదు, వీధి వీధంతా వెలిగిపోయింది. సూర్యుడు చిన్నబోయి మబ్బు చాటుకెళ్లాడు. అది చూసి మీ పిన్ని నన్ను తప్ప ఇంకెవర్నీ..."

కుర్చీ చేతి మీద దెబ్బ పడింది. పిన్ని ఎడం చెయ్యి అది. ముఖం ఎర్రబడింది. ఆ కోపం ఆయనకి పాత చుట్టం, చూడగానే పోల్చుకున్నాడు.

"ఏంటే? వెలిగింది కదా వీధంతా," అన్నాడు బాబాయ్.

"చీక..." ఆవిడ ఆగిపోయింది. కళ్లు మూసుకుంది. టైలరు మాట అందించబోతే టీ అక్క అతని భుజం నొక్కింది. పొయ్యి మీద పాలు పొంగుతున్నా ఎవరూ కదల్లేదు.

"చీకటి," అంది పిన్ని. "వీధంతా... చీకటి."

అదీ నిజం. ఆ రోజు ఆయన కలపకూడని తీగలు రెండూ కలిపేశాడు, వీధి మొత్తానికి కరెంటు పోయింది, మామగారు కర్ర పుచ్చుకుని గుమ్మం దాకా తరిమాడు. తప్పు దిద్దడానికి మూడు రోజులు తిరిగాడు. ఆ మూడు రోజులూ మూలగదిలో దీపం పట్టుకుని ఆయన పక్కన నిలబడింది ఆవిడే.

ఆయన అంతవరకూ ఎప్పుడూ ఆవిడ దిద్దినదాన్ని ఒప్పుకున్నవాడు కాడు. ఇప్పుడు కుర్చీ ముందు గొంతుక్కూర్చుని, ఆవిడ పడిపోయిన చేతిని రెండు చేతుల్లోకి తీసుకున్నాడు.

"అవునే, చీకటే," అన్నాడు. "ఒక్క రోజేగా?"

ఆవిడ తల అడ్డంగా ఊపింది. చాలాసేపు పట్టింది.

"మూ... మూడు."

"రెండు," అన్నాడు ఆయన, కళ్లు తుడుచుకోకుండానే.

"మూడు."

"రెండేనే."