ఆఖరి మెట్టు మీద ఫోటో

ఆంజనేయప్రసాద్ గారు ఏ కథ మొదలుపెట్టినా "అబ్బే, అందులో పెద్ద విశేషం ఏముందిలే" అనే మొదలుపెడతారు. ఆ మాట చెవిన పడిందంటే చాలు, అరోరా ఊళ్ళోని తెలుగువాళ్ళలో ఆయన్ని ఎరిగినవాళ్ళు కుర్చీ ముందుకి జరుపుకుని ఇంకో కప్పు టీ పోసుకుంటారు. ఇక గంటదాకా ఎవరూ లేచేది లేదని వాళ్ళకి తెలుసు. మార్చి మొదటి శనివారం మధ్యాహ్నం నరసింహ వాళ్ళ గరాజ్‌లోనూ అదే జరిగింది. కార్లు బయట పెట్టి, మడత కుర్చీలు వేసి, మధ్యలో హీటర్ పెట్టుకున్నారు. నరసింహ భార్య రేణు మిరపకాయ బజ్జీలు వేసి తెచ్చింది. ప్రసాద్ గారి టీమ్‌లో పనిచేసే శ్రీహర్ష బజ్జీల కోసమే వచ్చాడు, ఆ మాట అతనే ఒప్పుకున్నాడు. నరసింహ కూతురు దియకి ఎనిమిదేళ్ళు. ఐప్యాడ్ పక్కన పడేసి ప్రసాద్ అంకుల్ కాళ్ళ దగ్గర బాసింపట్టు వేసుకుని కూర్చుంది.

అందరికీ ఆ కథే కావాలి. ఇంకో రెండు వారాల్లో, స్ప్రింగ్ బ్రేక్ సెలవులకి, ప్రసాద్ గారి కుటుంబం, నరసింహ కుటుంబం కలిసి కాంకూన్ వెళుతున్నాయి. అక్కడ ఒకరోజుకి గైడ్‌తో బస్సు టూర్ బుక్ చేశారు. పొద్దున మాయన్ల పిరమిడ్, మధ్యాహ్నం సెనోటే. సెనోటే అంటే నేల కుంగి, అడుగున నీళ్ళు చేరిన పేద్ద బావి. జనం మెట్లు దిగి వెళ్ళి అందులో ఈత కొడతారు. ప్రసాద్ గారు డిసెంబర్‌లో భార్యతో అదే టూర్ చేసి వచ్చారు. నీళ్ళ పక్కన ఆఖరి మెట్టు మీద, చేతులు కట్టుకుని, గడ్డం పైకెత్తి ఆయన నిలబడ్డ ఫోటో వాట్సాప్ గ్రూపులో నూట ఎనభై మంది చూశారు. అప్పటినుంచి ఆ ఫోటోకి కథ పెరుగుతూనే ఉంది. జనవరిలో ముప్పై అడుగులున్న బావి శివరాత్రికి తొంభై అయింది.

ఆయన భార్య నాగమల్లేశ్వరి వెనక వరసలో, వాషింగ్ మెషీన్ పక్కన కూర్చుంది. ఆయన మాటలు కోటలు దాటుతాయనీ, కాలు గడప దాటదనీ ఆవిడకి పెళ్ళైన నెలకే తెలిసింది. ఇరవై రెండేళ్ళలో ఒక్కసారి కూడా నలుగురిలో కాదనలేదు. ఒక కథలో ఎలుగుబంటికి దారి చూపించారు, ఇంకోదాంట్లో తుఫానులో విమానం దింపించారు, దానివల్ల ఎవరికేం నష్టం, విన్నవాళ్ళు నవ్వుకుని ఇంటికి పోయారు. ఈ ఒక్క కథ మాత్రం ఆవిడకి పడదు.

"అబ్బే, అందులో పెద్ద విశేషం ఏముందిలే," అన్నారు ప్రసాద్ గారు. "పొద్దున పిరమిడ్ చూశాం, ఎండ మాడ్చేస్తోంది, సరే ఓ మునక వేసి వద్దామని దిగాం. అరవై మెట్లు. దిగేకొద్దీ వెలుగు తగ్గిపోతుంది, పైనుంచి చెట్ల వేళ్ళు నీళ్ళదాకా వేలాడుతుంటాయి, ఎక్కడో గబ్బిలాల రెక్కల చప్పుడు. నీళ్ళు పైపైన నీలం, కింద నలుపు. మా గైడ్ ఓ పొట్టి మనిషి, నా భుజం దాకా కూడా రాదు, లుపిత అని పేరు. ఇది పాతాళానికి గుమ్మం అని మా పూర్వీకులు నమ్మేవాళ్ళు, వానదేవుడు ఇందులోనే ఉంటాడు అంటోంది. అంటూ అంటూనే కాలు జారి దబ్బున పడింది. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"ఏమైందన్నా మల్ల?" అన్నాడు నరసింహ.

"ఏమవుతుంది, దూకాను. లైఫ్ జాకెట్ గీకెట్ ఏమీ లేదు. మూడొందల అడుగులు లోపలికి పోయాను."

మల్లేశ్వరి కళ్ళు మూసుకుంది. మూసుకుంటే ఇంకా బాగా కనపడింది, అందుకని తెరిచింది.

మూడొందల అడుగులు ఊపిరి ఎలా బిగబట్టారు సార్ అని శ్రీహర్ష బజ్జీ కొరుకుతూ అడిగాడు. ప్రసాద్ గారు వాడి అమాయకత్వానికి జాలిపడ్డారు. "కృష్ణ కాలవలో పెరిగినవాణ్ణయ్యా నేను. ఈ ఒడ్డున మునిగితే ఆ ఒడ్డున తేలేవాణ్ణి. ఓసారి కాస్త ఎక్కువసేపు మునిగాను, తేలేసరికి మా క్లాసు వాళ్ళంతా ఆరో తరగతి నుంచి ఏడుకి వెళ్ళిపోయారు. సరే, అది వేరే కథ. అడుగున ఏముందో తెలుసా? ఎముకలు. కుప్పలు కుప్పలు. అందులో ఓ పుర్రె నాకేసి చూసింది."

"పుర్రెకి కళ్ళెక్కడివి సార్?"

"అదే కదయ్యా భయం. కళ్ళు లేకుండా చూసింది."

దియ రెండు చేతులతో ఆయన ప్యాంటు పట్టుకుంది. దానికి నీళ్ళంటే భయం. ఈత క్లాసులో చేర్చి నాలుగు నెలలైనా ముఖం నీళ్ళలో పెట్టదని రేణు ఎప్పుడూ వాపోతుంటుంది. ఆ పిల్ల నోరు తెరుచుకుని వింటుంటే ప్రసాద్ గారికి ఇంకా ఊపు వచ్చింది. వానదేవుడు వెనకనుంచి వచ్చి ఆయన చీలమండ పట్టుకున్నాడట. చల్లటి చెయ్యి, వదలదు. ఒక భుజాన లుపిత, కాలికి దేవుడు, ఎదురుగా నేల కింద పారే నది. ఆ నదిలో నలభై మైళ్ళు కొట్టుకుపోయి, పిరమిడ్ పక్కనున్న ఇంకో బావిలో తేలారట. అక్కడ ఈకల కిరీటం పెట్టుకున్న ముసలి పూజారి ఒకాయన నిలబడి గోత్రం అడిగాడట.

"చెప్పారా?" అంది రేణు, నవ్వు ఆపుకుంటూ.

"భారద్వాజస అన్నాను. వాళ్ళదీ అదేనమ్మా. కావలించుకున్నాడు. పిరమిడ్ ఎవర్నీ ఎక్కనివ్వరు కదా ఇప్పుడు, నన్ను ఎక్కమని బతిమాలారు. తడి బట్టలతో బాగుండదని నేనే వద్దన్నాను."

అందరూ పడీపడీ నవ్వారు. మల్లేశ్వరి నవ్వలేదు. చీలమండ అన్న దగ్గరే ఆవిడ ఆగిపోయింది. ఈయనకి అంతా గుర్తుంది అనుకుంది. గుర్తులేక కాదు, గుర్తుండే ఇలా చెబుతున్నాడు.

నవ్వు సద్దుమణిగాక దియ అడిగింది. "అంకుల్, నన్ను కూడా పట్టుకుంటారా వాటర్‌లో? మీరు పట్టుకుంటే నాకు భయం లేదు. అప్పుడు నాకు జాకెట్ వద్దు. అది గీరుకుంటది."

"నేనుండగా నీకు జాకెట్టెందుకు తల్లీ. నా వీపు మీద కూర్చో, బావంతా ఓ చుట్టు తిప్పి తీసుకొస్తాను."

అక్కడితో ఆగిపోయినా బాగుండేది. నరసింహకి ఓ ఆలోచన తట్టింది. గంటకోసారి చెయ్యూపి బస్సెక్కించే ఆ గైడ్ టూర్ అతనికి మొదటినుంచీ ఇష్టం లేదు. "అన్నా, నువ్వుండంగ మనకు గైడ్ ఎందుకే? వ్యాన్ రెంట్ చేద్దాం. రోడ్డు పక్కన చిన్న చిన్న సెనోటేలు ఉంటయంట, ఎవరూ ఉండరు, మనమే ఉంటం. పిల్లను నువ్వు చూసుకుంటవ్. ఈ టూర్ క్యాన్సిల్ చేస్త, ఇయ్యాల ఐదింటిదాక ఫ్రీ," అని ఫోన్ తీశాడు. గోడ గడియారంలో ఐదుకి పది నిమిషాలు తక్కువ.

రేణు కాస్త తటపటాయించింది. నిజంగా పర్వాలేదా అని ప్రసాద్ గారి ముఖంలోకి చూసింది. తల్లి కదా, అడిగే హక్కు ఆవిడకే ఉంది.

మల్లేశ్వరి కూడా ఆయన ముఖంలోకే చూసింది. వద్దని చెప్పు, అనుకుంది. గైడ్ ఉంటేనే మంచిది తమ్ముడూ అను. ఆ ఒక్క మాట అంటే చాలు, నీ నలభై మైళ్ళు నీకే ఉంటాయి, నేనేం మాట్లాడను. ప్రసాద్ గారి చెవులు ఎర్రబడ్డాయి. ఆయనకీ భయం వేసిందని మల్లేశ్వరికి ఒక్కదానికే తెలిసింది. కానీ పులి మీద ఎక్కినవాడు దిగలేడు, పైగా చుట్టూ జనం చప్పట్లు కొడుతుంటే అసలే దిగలేడు.

"నీ ఇష్టం తమ్ముడూ," అని నవ్వారాయన. ఆ నవ్వు కొంచెం ఆలస్యంగా వచ్చింది.

నరసింహ బొటనవేలు స్క్రీన్ మీద కిందికి జరిగింది. మల్లేశ్వరికి ఆ గరాజ్, హీటరు, బజ్జీల పళ్ళెం ఏమీ కనపడలేదు. ఎవరూ లేని చోట ఓ నల్లటి నీళ్ళ గుంట కనపడింది. దాని మధ్యలో ఈయన, ఈయన వీపు మీద ఎనిమిదేళ్ళ పిల్ల. గట్టు మీద తను. పరువు పోతే పోయింది, మనిషి ఉంటే మళ్ళీ వస్తుంది అనుకుని లేచి నిలబడింది.

"నరసింహా, అది నొక్కకు. ఈయనకి ఈత రాదు."

మల్లేశ్వరికి హాస్యం ఎక్కువ అన్నారు ప్రసాద్ గారు. ఆవిడ ఆయనకేసి చూడకుండా ముందుకి వచ్చి తన ఫోన్ నరసింహ చేతిలో పెట్టింది. అందులో అదే ఫోటో, నూట ఎనభై మంది మెచ్చుకున్నదే. దాని మీద వేలు నొక్కిపట్టమంది. ఆవిడ ఫోన్‌లో అలా నొక్కితే ఫోటో కదులుతుంది, తీసిన క్షణానికి ముందూ వెనకా ఉన్న మూడు సెకన్లు కనపడతాయి.

నరసింహ నొక్కాడు. రేణు, శ్రీహర్ష వంగి చూశారు. ప్రసాద్ గారు నారింజరంగు లైఫ్ జాకెట్ మెట్టు మీద పడేసి, పొట్ట లోపలికి లాక్కుని, చేతులు కట్టుకున్నారు. గడ్డం ఎత్తారు. పాచి పట్టిన మెట్టు మీద మడమ జారింది. కట్టుకున్న చేతులు విడిపోయాయి. ఆ తర్వాత మెట్టు ఉంది, జాకెట్ ఉంది, నీళ్ళున్నాయి. అంతే, బొమ్మ ఆగిపోయింది.

రేణు దియని దగ్గరికి లాక్కుంది.

"జాకెట్‌తో ఫోటో దిగితే బొజ్జలా ఉంటుందని విప్పారు," అంది మల్లేశ్వరి. "నేను తీశాను. తీసి, బాగా వచ్చిందా లేదా అని ఫోన్‌లోకి చూసుకుంటున్నాను. గ్రూపులో పెడదామని. తలెత్తేసరికి మెట్టు మీద మనిషి లేడు. నీళ్ళు కూడా కదలట్లేదు. అరవాలని ఉంది, గొంతు రాలేదు నాకు. రోజుకోసారి ఈ ఫోటో నొక్కి చూస్తాను. చెరిపేద్దామంటే చెయ్యి రాదు."

ఇప్పుడందరూ ప్రసాద్ గారికేసి తిరిగారు. మామూలుగా అయితే ఇలాంటి చోట ఆయనకి ఇంకో నది, ఇంకో దేవుడు దొరికేవాళ్ళు. ఆయన కప్పు కింద పెట్టారు.

"పదడుగులు కూడా ఉండదు లోతు," అన్నారు. "కళ్ళు తెరిచే ఉన్నాను. పైన వెలుగులో ఈవిడ చెప్పులు కనపడుతున్నాయి. పిలుద్దామని నోరు తెరిచాను. నీళ్ళొచ్చాయి."

పాతాళం, పుర్రెలు, కాలు పట్టుకున్న దేవుడు, అంత కథలోనూ ఎవరికీ వెయ్యని భయం ఆ నాలుగు ముక్కలకి వేసింది. శ్రీహర్ష చేతిలో సగం కొరికిన బజ్జీ అలాగే ఉండిపోయింది.

"ఎవరు బయటికి తీశారు అంకుల్ మిమ్మల్ని?" అంది దియ.

"గైడమ్మా. లుపిత. బూట్లతోనే దూకింది. నా చీలమండ దొరికితే అది పట్టుకునే పైకి లాగింది."

గడియారంలో ఐదు దాటింది. నరసింహ తన ఫోన్ బోర్లా తిప్పి హీటర్ పక్కన పెట్టాడు. టూర్ అలాగే ఉంటుంది, గైడ్ ఉంటుంది అన్నాడు, ఎవరూ అడగకపోయినా. పిల్లను ఎవరి వీపు మీదా ఎక్కించేది లేదని రేణు అంది, ఆ మాట మొగుడికేసి చూస్తూ అంది.

మల్లేశ్వరి అక్కడే నిలబడిపోయింది. ఇరవై రెండేళ్ళు కాపాడుకొచ్చిన ఆయన పరువుని ఒక్క నిమిషంలో తన చేత్తోనే నేలకేసి కొట్టింది. ఆయన ఇక తన ముఖం చూస్తాడో లేదో అని ఇప్పుడు కొత్త భయం పట్టుకుంది. ప్రసాద్ గారు పక్క కుర్చీలో ఉన్న తన కోటు తీసి చోటు చేశారు. ఆవిడ వెళ్ళి కూర్చుంది.

శ్రీహర్షే మళ్ళీ అడిగాడు. "మరి ఆ నలభై మైళ్ళు, సార్?"

"బస్సులో వచ్చామయ్యా, హోటల్ దాకా. దారి పొడుగునా మీ అక్క నా చెయ్యి వదల్లేదు. రక్తం ఆగిపోయి వేళ్ళు మొద్దుబారాయి. వదలమని నేనూ అనలేదు."

ఎవరో చిన్నగా నవ్వారు. రేణు టీ మళ్ళీ పోయడానికి లేచింది. దియ మాత్రం తండ్రి చేతిలోంచి మల్లేశ్వరి ఫోన్ తీసుకుని చూస్తోంది. మెట్టు మీద పడున్న నారింజరంగు జాకెట్‌ని వేలితో పెద్దది చేసి చూసింది, తర్వాత తలెత్తి ప్రసాద్ గారిని చూసింది.

"అంకుల్, నేను జాకెట్ వేసుకుంటాను, గీరుకున్నా సరే. మీరు కూడా వేసుకోవాలి. ఫోటో తీసేటప్పుడు కూడా విప్పొద్దు."

"విప్పను తల్లీ," అన్నారు ప్రసాద్ గారు.