పేరు పక్కన పచ్చ చుక్క

హలో… ఆ, నేనే. చెప్పు వదినా.

… ఇంట్లనే ఉన్న. ఖానాపురం హవేలిల. … లేదు, బయల్దేరుతున్న. ఆకులు పొద్దున్నే కోసుకొచ్చిన. బస్తాల పోసి తడి గుడ్డ కప్పిన… అవ్, మోదుగాకులే. పంతులు మూడు వందల అరవై అన్నడు గద, ఇంకొన్ని ఎక్కువనే కోసిన. చినిగినయి తీసెయ్యాలె కదా…

… ఏంది?

… మెల్లగ. మెల్లగ చెప్పు. నువ్వు ఏడుస్తున్నవా, నవ్వుతున్నవా?

… బొమ్మ చెయ్యొద్దా? అదేంది వదినా. రేపు పొద్దున కార్యం. మనిషి దొరకకపోతె ఆకులతోని మనిషి లెక్క బొమ్మ చేసి, తలకు కొబ్బరికాయ పెట్టి, దానికే నిప్పు పెట్టాలె అని అందరం కూసోనే అనుకున్నం. నువ్వు గూడ పోయిన వారం ఊ అన్నవు…

… ఎవరు బతికి ఉన్నడు?

… అన్నా?

…

… వింటున్న. చెప్పు.

… ఏ యాప్? … ఆ. ఆటల యాప్. నీ ఫోన్ల ఇంక ఉందా అది? తీసేసినవనుకున్న. … అవ్, అన్ననే వేసిండు, నాకు గుర్తుంది. నీకో పేరు పెట్టిచ్చిండు, ఇద్దరు కలిసి ఆడొచ్చని. నువ్వు రెండు రోజులు ఆడి ఇడిచిపెట్టినవు.

… పచ్చ చుక్క. అంటె ఇప్పుడు ఆట తెరిచి ఉన్నట్టు.

… అన్న పేరు పక్కన. … ఉదయ్ భాస్కర్ అనే ఉందా? … కింద ఏం రాసి ఉంది? … పాత ఆటనే. ‘చీకటి కోట’ ఆడుతున్నట్టు. … ఎన్ని నిమిషాల నుంచి? … పదహారు.

… వదినా, అవన్ని నమ్మొద్దు. కంప్యూటర్ తప్పు చూపిస్తది. మా ఆఫీసుల రిటైరై పోయినోళ్లను గూడ ఒక్కోసారి వచ్చినట్టు చూపిస్తది. … నిన్న గూడనా? … మొన్న గూడ. ఎన్నింటికి? … మరి నాకెందుకు చెప్పలే?

… అవ్. నమ్మబుద్ధి కాదు మొదలు. అవ్.

… లేదు, ఎవడన్న దొంగతనంగ పాస్‌వర్డ్ కొట్టి ఉంటడు. పాత ఆటలు ఊకె ఆడుకోవచ్చని. గట్ల మస్తు జరుగుతున్నయి. … ఆ ఆటనే ఎందుకు ఆడుతడంటె… ఏమో వదినా. ఎవడికి ఏం ఇష్టమో.

… అన్న ఆటల మిషనా, టీవీకి పెట్టేది? అది నా కాడనే ఉంది. అటక మీద. డబ్బాల పెట్టి అటకెక్కించిన అని చెప్పిన కద నీకు. … చూడాల్నా? … ఇప్పుడా? … ఆ, చూస్తున్న. … ఉంది. అట్లనే ఉంది, దుమ్ము పట్టి.

… అవ్, మిషన్ లేకున్నా ఆడొచ్చు. ఫోన్ల ఆడొచ్చు, ఏ టీవీల నుంచైనా ఆడొచ్చు. పేరు, పాస్‌వర్డ్ ఉంటె చాలు. అది నిజమే, కానీ…

… వదినా, నువ్వు గట్ల ఒకదాని మీద ఒకటి పేర్చుకోకు. దెబ్బ తగిలి మతి పోయిందని, ఎవరో అడవిల గుడిసెల పెట్టుకొని సాకిన్రని… ఎవరింట్ల టీవీ ఉంటది అక్కడ? పేరు మర్చిపోయినోనికి పాస్‌వర్డ్ గుర్తుంటదా? … ఉండొచ్చా. చేతులకు గుర్తుంటదా. … ఎవరు చెప్పిండ్రు నీకు? … నువ్వే అనుకున్నవా.

… అన్న వాగుల పోయిండు. నలుగురు చూసిండ్రు. బండి దొరికింది. చొక్కా దొరికింది.

… అవ్. మనిషి దొరకలే.

… ఎక్కడికి? … పినపాకకా, ఆ వాగు కాడికా? ఇప్పుడు బయల్దేరి ఎప్పుడు పోతవు, పోయి ఎవర్ని అడుగుతవు? … స్టేషన్ల ఆ చుక్క చూపిస్తవా? … వదినా, చీర మార్చుకున్నవా అప్పుడే? ఆగు. జర ఆగు. అమ్మకు చెప్పకు ఇప్పుడే.

… చెప్పినవా.

… ఏమన్నది? … దేవుని కాడ దీపం పెట్టిందా. … ఎవరెవరికి చెప్పింది? … నాన్న ఏడి? … పంతులింటికెందుకు? … రావొద్దని చెప్పనీకి? ఎంతసేపయింది పోయి? ఫోన్ చెయ్యి నాన్నకు, వెనక్కి రమ్మను. … ఫోన్ తీసుకపోలేదా.

… నేను ఎందుకు సంతోషపడుత లేనంటె… పడుతున్న. పడుత లేనని ఎవరన్నరు. … ఏం గొంతు? నా గొంతు గిట్లనే ఉంటది.

… ఏందీ? ఆయనకు మెసేజ్ పెట్టినవా? … చదివినట్టు చూపిస్తున్నదా. రెండు మెసేజులు. … చదివి జవాబు ఇయ్యలే కదా మరి. అన్న అయితె ఇయ్యడా? పాప వాళ్ల నాన్న చెప్పులు తొడుక్కొని తిరుగుతున్నదని రాస్తె, మనిషన్నోడెవడన్న ఉంటడా గిట్ల మాట్లాడకుండ—

…

… వదినా.

… అవ్. నువ్వు చెప్పలే నాకు.

… అవ్, ఏం రాసినవో చెప్పలే.

…

… టీవీ మీద వచ్చింది. మూలకు. నువ్వు ఫోన్ చేసే ముందల వచ్చింది. పాప నీ చెప్పులు తొడుక్కొని వాకిట్ల తిరుగుతున్నది, రా… అని.

… అటక మీద లేదు. టీవీ కిందనే ఉంది. ఎన్నడు ఎక్కియ్యలే.

… నేనే వదినా. నిన్న నేనే. మొన్న గూడ నేనే. పోయిన వానాకాలం సంది నేనే. … అబద్ధం కాదు. నీకు అబద్ధం లెక్క అనిపిస్తున్నది గని కాదు. … నిన్ను ఆపనీకి చెప్పుత లేను. … కార్యం కోసం గూడ కాదు. … ఒట్టు పెట్టమంటవా? ఒట్టు వద్దా. మరేం చెయ్యాలె?

… సరే. ఫోన్ చెవి కాడ నుంచి తియ్యి. ఆ మెసేజులు చూస్తుండు. ఇప్పుడు పంపుతున్న. కంట్రోలర్ తోని ఒక్కొక్క అక్షరం కొట్టాలె, జర టైం పడ్తది… ఆగు…

…

… వచ్చిందా?

… చదివినవా?

… అవ్. ‘వదినా’ అని ఉంటది.

…

… వదినా? … ఉన్నవా? … కూసో.

…

… లేదు. నవ్వుకోనీకి కాదు. నిన్ను ఏడిపియ్యనీకి అసలే కాదు, నువ్వు చూస్తవని నాకు తెల్వదు. నీ ఫోన్ల ఆ యాప్ ఉన్న సంగతే యాది లేదు.

… ఎందుకంటె… నాకు చెప్పరాదు. నవ్వుతరని ఎవరికి చెప్పలే.

… నా ఫోన్ల గూడ ఆ యాప్ ఉంది, నా పేరు మీద. టీవీ అన్న పేరు మీద తెరుస్త. తెరిచి ఫోన్ చేతుల పట్టుకొని కూసుంట. కొద్దిసేపటికి అన్న పేరు పక్కన పచ్చగ వెలుగుతది. అంతే. అది చూసుకుంట కూసుంట. … నేనే పెట్టిన అని తెలుసు. తెలిసి గూడ, వెలగంగనే ఈడ, రొమ్ముల, ఏదో జారినట్టయితది. ఊపిరి తిరుగుతది. అన్నం తినబుద్ధి అయితది. … పిచ్చే. కాదన్ననా.

… ఆడను. అస్సలు ఆడను వదినా. ఆ కోటల ముప్పయి ఒకటో అంతస్తుల మెట్ల మీద ఆపిండు అన్న. ఆ బొమ్మ అక్కడే నిలబడి ఊపిరి తీసుకుంటుంటది. అప్పుడప్పుడు తల గోక్కుంటది. చూస్త. ఒక్క మెట్టు నేను ఎక్కిచ్చిన్ననుకో, అక్కడి నుంచి అది నా ఆట అయిపోతది.

… రోజు. డ్యూటీ నుంచి రాంగనే. ఇయ్యాల సెలవు పెట్టిన గద, ఆకులు కోసుకొచ్చి… చేతులకు జిగురున్నది, కడుక్కోను గూడ కడుక్కోలే, టీవీ పెట్టిన. రేపటి సంది పెట్టొద్దనుకున్న. నిప్పు పెట్టినంక ఇంక… పెట్టొద్దు కదా. ఇదే ఆఖరు అనుకున్న. గంట చూసి ఆపేసి వద్దామనుకున్న.

… ఆపేస్తున్న వదినా, ఆగు. … ఆపొద్దా? … నువ్వింక చూస్తున్నవా దాన్నే. … సరే. ఉంచుత. నువ్వు చెప్పిందాక ఉంచుత.

…

… అడుగు.

… ఆ రోజు సంగతి తప్ప ఏదన్న అడుగు.

… అవ్. చీకటి కోట ఇంతకు ముందు లేకుండె దాంట్ల. అన్న పోయిన రోజే వచ్చింది. అన్న నెల నెల ఆ సబ్‌స్క్రిప్షన్ పెట్టుకున్నదే పాత ఆటల కోసం, కొత్తయి ముట్టలే గూడ. చిన్నప్పుడు ఇద్దరం కారేపల్లి నుంచి రైల్ల వచ్చి ఖమ్మంల వీడియో గేముల షాపుల నిలబడి ఆడినం అది. ఎన్నడు పూర్తి కాలే, షాపాయన లేపెటోడు. ఇరవై ఏండ్ల సంది అడుగుతుండె అన్న, వచ్చిందా, వచ్చిందా అని.

… అవ్. అన్న మెట్ల కాడికి ఎట్ల పోయిండంటె… ఫోన్ల. పినపాకల ఆఫీసుల కూసోని, మధ్యాహ్నం సంది ఫోన్ల ఆడిండు. నేనే చెప్పిన వచ్చిందని. పొద్దున చెప్పిన.

… సాయంత్రం గూడ మాట్లాడిన.

… పోలీసులకు మాట్లాడలే అని చెప్పిన. నీకు గూడ గట్లనే చెప్పిన.

…

… ఫోన్ చేసింది నేనే. బయల్దేరినవా అని. వాగు కాడ ఉన్న అన్నడు. నీళ్లు రోడ్డెక్కినయి, తగ్గినంక వస్త, కాకపోతె రాత్రికి పినపాకల్నే ఉంట అన్నడు. నేను ఒప్పుకోలే. ఈడ మా ఇంట్ల టీవీ పెట్టి కూసున్న, రెండు కంట్రోలర్లు చార్జింగ్ పెట్టిన, ఇయ్యాల కోట గెలుసుడే అన్న. … విను. ఆపకు, విను. రాళ్లు కనపడుతున్నయా అని అడిగిన. రోడ్డు పొంటి సున్నం కొట్టిన రాళ్లు ఉంటయి గద వాగు మీద. రాళ్ల తలలు కనపడితె బస్సు గూడ దాటిస్తరు మనోళ్లు. నేను గూడ అటు పోయినప్పుడు అట్ల చూసే దాటిన. సగానికి సగం కనపడుతున్నయి అన్నడు. అయితె ఏం కాదు, రాళ్ల మధ్యల నుంచి వచ్చెయ్ అన్న.

… రాళ్లు ఉన్నయి వదినా. రెండు పక్కల నిలబడే ఉన్నయి. నడుమ రోడ్డు లేదు. కింద కోసుకపోయింది.

…

… ఆఖరు మాటనా? … సరే రా భయ్, నువ్వు ఆట పెట్టుకొని ఉండు, అన్నడు.

… పెట్టుకొనే ఉన్న.

…

…

… తిట్టు. … ఏదన్న అను వదినా.

… రేపా? … అవ్, నిప్పు నేనే పెట్టాలె, కొడుకు లేడు కాబట్టి తమ్ముడు అని… … వద్దా.

… మరి ఎవరు పెడ్తరు? … నువ్వా.

… పంతులు ఏమంటడో… ఏమన్నా అననీ. పెట్టు. నేను మాట్లాడుత ఆయనతోని. నాన్నతోని గూడ మాట్లాడుత. … లేదు, నేను ముట్టుకోను దాన్ని. బస్తా వాకిట్ల దించి పక్కకు పోత. … వాకిట్లకు గూడ వద్దా. సరే. కారేపల్లి స్టేషన్ కాడ దించుత, ఎవర్నన్న పంపు. … సరే.

… అమ్మ పక్కన్నే ఉందా? విన్నదా? … వినలేదా. దీపం కాడనే ఉన్నదా. … నువ్వు చెప్పవా? … వదినా, నేను ఫోన్ల ఎట్ల చెప్పాలె? నువ్వు పక్కన కూసోని చేయి పట్టుకొని… వదినా, వద్దు. ఇయ్యకు. వదినా ఫోన్ ఇయ్యకు అమ్మకు, నేను వచ్చి—

…

… అమ్మా.

… ఆ, తిన్న. … తిన్ననమ్మా. … అవ్, వదిన చెప్పింది. … ఏడవకు. … ఎవరు, శేషమ్మత్తనా? ఆమెకు గూడ చెప్పినవా. … స్వీట్లు వద్దమ్మా. ఏం తేవద్దు. … అమ్మా, ఒక్క నిమిషం నేను చెప్పేది…

… లేదు, దాంట్ల మాటలు వినపడవు. రాసి పంపుడే. … నేనా? … అన్నకు రాయాల్నా.

… ఏమని?

… ‘తిన్నవా నాయనా’ అని.

…

… ‘ఎవరు ఏమనరు, ఇంటికి రా’ అని.

…

… రాస్త లేనమ్మా. … చేతగాక కాదు. … అమ్మా, కూసో నువ్వు. గోడకు ఆనుకొని కూసో. … కూసున్నవా?

… నేను ఏం రాసి పంపినా అది నాకే వస్తదమ్మా. ఈ టీవీ మీదికే, నా ముందలికే వస్తది. … ఇక్కడ అన్న లేడు. … నేను ఒక్కన్నే ఉన్న.

… అమ్మా?

… అమ్మా… ఫోన్ కింద పెట్టకు. చేతుల పట్టుకో. … వదినా! వదినా, అమ్మను పట్టుకో—

హలో…